వెంబ్లీ స్టేడియం టూర్: పాత వెంబ్లీని వెతుక్కుంటూ వెళ్ళినవాళ్ళ రివ్యూ

ముందే రేటింగ్ చెప్పేస్తాను, ఐదుకి నాలుగు. ఫుట్‌బాల్ అంటే ప్రాణం పెట్టేవాళ్ళయితే ఐదుకి ఐదూ ఇచ్చుకోండి, తప్పులేదు. నేను వెళ్ళింది ఫుట్‌బాల్ కోసం కాదు. మా నాన్నని తీసుకుని, ఇప్పుడు లేని ఒక స్టేడియాన్ని చూడటానికి వెళ్ళాను. 1923లో తెరిచి, 2000లో మూసేసి, 2003లో నేలమట్టం చేసిన పాత వెంబ్లీ. అదే స్థలంలో 2007లో కొత్తది వచ్చింది, టూర్ జరిగేది దాంట్లో. అందుకే ఈ రివ్యూలో సగం టూర్ గురించి ఉంటే సగం ఆ కూల్చేసిన స్టేడియం గురించి ఉంటుంది. ఆ పాత గ్రౌండ్‌తో మన దేశానికి ఎంత సంబంధం ఉందో లండన్‌లో పదేళ్ళుగా ఉంటున్న మనవాళ్ళలో కూడా చాలామందికి తెలియదు, కాబట్టి కొంచెం పొడుగ్గానే రాస్తున్నాను, ఓపిగ్గా చదవండి.

మేం ఉండేది హేరోలో. మా వంటింటి కిటికీలోంచి వెంబ్లీ ఆర్చ్ కనిపిస్తుంది, రాత్రి లైట్లు వేస్తే ఇంకా బాగా కనిపిస్తుంది. నాన్న సికింద్రాబాద్ నుంచి వచ్చిన మూడో రోజు టీ తాగుతూ అదేంటని అడిగారు. వెంబ్లీ స్టేడియం నాన్నా అన్నాను. కప్పు పక్కన పెట్టేసి, "మనోళ్ళు నలభై ఎనిమిదిలో హాకీ గెలిచిన వెంబ్లీయేనా బిడ్డా?" అన్నారు. రోజూ గిన్నెలు కడుగుతూ చూసే ఆర్చ్ వెనక ఇంత కథ ఉందని నాకు తెలిసింది ఆ పొద్దునే.

నాన్న రైల్వేలో పనిచేసి రిటైరయ్యారు, డిపార్ట్‌మెంట్ టీమ్‌కి లెఫ్ట్ హాఫ్‌గా ఆడారు, ఇప్పటికీ ఇంట్లో అటక మీద ఆయన హాకీ స్టిక్కులు రెండున్నాయి. తాత లాలాగూడ వర్క్‌షాప్‌లో ఫిట్టర్, అప్పుడది నిజాం రైల్వే. వాళ్ళిద్దరి మధ్యా ఆస్తిలాగా చేతులు మారిన కథ ఇది. 1948 ఆగస్టు 12న వెంబ్లీలో ఒలింపిక్స్ హాకీ ఫైనల్, ఇండియా 4, బ్రిటన్ 0. స్వాతంత్ర్యం వచ్చి ఏడాది నిండటానికి ఇంకా మూడు రోజులుంది. అంతకుముందు 1928, 1932, 1936లో కూడా గోల్డ్ మనదే, కానీ అప్పుడు ఆడింది బ్రిటిష్ పాలనలోని ఇండియా. ఆ మూడు ఒలింపిక్స్‌లోనూ బ్రిటన్ హాకీకి టీమ్‌నే పంపలేదు. అంటే ఒలింపిక్స్‌లో రెండు జట్లూ ఎదురుపడటం అదే మొదటిసారి, అదీ వాళ్ళ ఊళ్ళో, వాళ్ళ గ్రౌండ్‌లో, ఆ గ్రౌండ్ అసలు పేరు చూడండి, ఎంపైర్ స్టేడియం. సామ్రాజ్యం పేరు పెట్టుకున్న స్టేడియంలో మన జెండా పైకి లేచింది. బల్బీర్ సింగ్ రెండు గోల్స్ కొట్టాడు, ప్యాట్ జాన్సెన్ ఒకటి, త్రిలోచన్ సింగ్ ఒకటి. బల్బీర్‌కి ఆ ఒలింపిక్స్ మొత్తంలో ఆడే అవకాశం వచ్చింది రెండు మ్యాచ్‌లకే, అర్జెంటీనా మీద ఆరు కొట్టాడు, ఆ తర్వాత కూర్చోబెట్టారు, మళ్ళీ ఫైనల్‌కి దింపారు. వాన పడి నేల చిత్తడైపోతే కెప్టెన్ కిషన్ లాల్, కె.డి. సింగ్ బాబు ఇద్దరూ బూట్లు విప్పేసి వట్టి కాళ్ళతో ఆడారని చెప్తారు. మా తాత ఈ ముక్క చెప్పేటప్పుడు తన చెప్పులు కూడా విప్పేసేవారట.

ఇంకో సంగతి ఉంది, హైదరాబాద్ వాళ్ళకి వెంటనే తడుతుంది. ఆ ఆగస్టుకి హైదరాబాద్ ఇంకా ఇండియాలో కలవలేదు. పోలీస్ యాక్షన్ సెప్టెంబర్‌లో. బయట రజాకార్ల భయం. మద్రాసు వైపు నుంచి వచ్చిన పేపర్ ఒకటి వర్క్‌షాప్‌లో చేతులు మారి మారి తాత దాకా వచ్చిందట, అప్పటికి మ్యాచ్ అయిపోయి ఎన్నో రోజులైంది. గెలిచింది మనమే అని పైకి గట్టిగా అనడానికి లేదు. లేత్ మెషీన్ చప్పుడు మధ్య ఒకరి చెవిలో ఒకరు చెప్పుకున్నారట. ఇవన్నీ విన్నాక టూర్ బుక్ చేయకుండా ఎలా ఉంటాను.

బుకింగ్ గురించి ఒక జాగ్రత్త. తక్కువకి వస్తుందని నేను ఒక మధ్యవర్తి సైట్‌లో కొన్నాను, పేరు ఎందుకులెండి, నాన్నకి జ్వరం వచ్చి తేదీ మార్చమంటే మళ్ళీ దాదాపు టికెట్ అంత డబ్బు కట్టమన్నారు, ఫోన్ చేస్తే ఎత్తినవాళ్ళు లేరు. ఆ డబ్బు పోయినట్టే అనుకుని, రెండోసారి స్టేడియం సొంత సైట్‌లోనే తీసుకున్నాను. మీరు మొదటే అక్కడ కొనుక్కోండి. ధరలు మారుతూ ఉంటాయి కాబట్టి అంకె రాయట్లేదు. మ్యాచ్ ఉన్న రోజూ, పెద్ద కచేరీ ఉన్న రోజూ టూర్లు ఉండవు, ముందే చూసుకుని వెళ్ళండి.

మేం హేరో ఆన్ ద హిల్‌లో మెట్రోపాలిటన్ లైన్ ఎక్కి వెంబ్లీ పార్క్‌లో దిగాం. ఈ లైన్‌కీ స్టేడియానికీ చుట్టరికం ఉంది. 1890లలో ఈ రైల్వే ఛైర్మన్ సర్ ఎడ్వర్డ్ వాట్కిన్‌కి ప్యారిస్‌లో ఈఫిల్ టవర్ చూసి, దానికన్నా ఎత్తైనది లండన్‌లో కట్టాలనిపించింది. జనం టవర్ చూడ్డానికి రైలెక్కి రావాలి, రైల్వేకి డబ్బులు రావాలి, అదీ లెక్క. వెంబ్లీ పార్క్ స్టేషన్ అలా వచ్చిందే. టవర్ మాత్రం మొదటి అంతస్తు దాటలేదు. డబ్బు చాలలేదు, పునాదులు కుంగాయి, 1907కల్లా దాన్ని తీసేశారు. ఆ ఖాళీ స్థలంలోనే తర్వాత స్టేడియం కట్టారు. పాత స్టేడియం కూల్చి కొత్తదానికి గ్రౌండ్ తవ్వుతుంటే వాట్కిన్ టవర్ పునాదులు మళ్ళీ బయటపడ్డాయి. నాన్నకి ఈ కథ ఎంత నచ్చిందంటే, "రైల్వేవాళ్ళు లేకపోతే ఏదీ లేదు చూడు" అని రైల్లో పక్కనున్నాయనకి కూడా చెప్పబోయారు, తెలుగులో.

స్టేషన్ మెట్లు దిగగానే ఎదురుగా స్టేడియం దాకా తిన్నగా ఒలింపిక్ వే. మ్యాచ్ లేని రోజు వెళ్ళారు కాబట్టి నిదానంగా నడవండి. ఈ దారి 1948 ఒలింపిక్స్ కోసం వేసింది, వేసిన వాళ్ళలో జర్మన్ యుద్ధ ఖైదీలున్నారు. యుద్ధం అయిపోయి మూడేళ్ళు, తిండికి ఇంకా రేషన్, కొత్త స్టేడియం కట్టే స్తోమత లేదు, ఉన్న వెంబ్లీలోనే ట్రాక్ పరిచి ఆటలు జరిపించేశారు. మన టీమ్ కూడా ఈ దారెంటే వచ్చి ఉంటుంది కదా అని నాన్న రెండుసార్లు ఆగారు. ఒకప్పుడు ఈ దారి చివర రెండు తెల్లటి బురుజులు కనపడేవి, ట్విన్ టవర్స్, ఒక్కోటి 38 మీటర్ల ఎత్తు. పాత ఫొటోల్లో వెంబ్లీ అంటే అవే. ఇప్పుడు వాటి బదులు ఆర్చ్, దాని ముందు 1966లో ఫుట్‌బాల్ ప్రపంచకప్ గెలిచిన ఇంగ్లండ్ కెప్టెన్ బాబీ మూర్ విగ్రహం.

ఇక లోపల. టూర్ గంటకి పైనే పట్టింది, మా గైడ్ కొంచెం వయసున్నాయన, గొంతు బాగుంది, తొందరపెట్టలేదు. డ్రెస్సింగ్ రూములు, ప్రెస్ కాన్ఫరెన్స్ గది, టన్నెల్లోంచి గ్రౌండ్ అంచు దాకా నడక, రాయల్ బాక్స్, అక్కడ కప్పుతో ఫొటో. ఇవన్నీ బాగానే ఉన్నాయి, పిల్లలున్న కుటుంబాలు డ్రెస్సింగ్ రూములో వేలాడదీసిన జెర్సీల దగ్గర నుంచి కదల్లేదు. ఇవి ఇంతకన్నా వివరంగా రాయను, వీడియోలు బోలెడున్నాయి.

నాకు ముఖ్యమైంది క్రాస్‌బార్. పాత స్టేడియం నుంచి దాచి ఇక్కడ పెట్టిన అసలు వస్తువు, 1966 ప్రపంచకప్ ఫైనల్ గోల్‌పోస్ట్ పైన ఉండే బార్. ఇంగ్లండ్, పశ్చిమ జర్మనీ రెండేసి గోల్స్‌తో సమానంగా ఉండి ఎక్స్‌ట్రా టైమ్‌లోకి వెళ్ళినప్పుడు జెఫ్ హర్స్ట్ కొట్టిన బంతి ఈ బార్ కింది భాగానికి తగిలి నేల మీద పడి బయటికొచ్చింది. గీత దాటిందా లేదా? అజర్‌బైజాన్ నుంచి వచ్చిన లైన్స్‌మన్ తోఫిక్ బహ్రామోవ్ దాటిందన్నాడు, గోల్ ఇచ్చేశారు, చివరికి 4-2తో ఇంగ్లండ్ గెలిచింది. అరవై ఏళ్ళు కావస్తున్నా జర్మన్లు ఒప్పుకోరు. బార్ చూస్తే మామూలు బారే, తెల్ల రంగు వేసిన ముక్క, దగ్గరగా నిలబడితే మాత్రం వేరే సంగతి, ఆ చోట తగిలి ఇంకో అంగుళం ఇటు పడుంటే చరిత్ర పుస్తకాల్లో వేరే దేశం పేరుండేదేమో. నాన్న దాని ముందు ఐదు నిమిషాలున్నారు. ఆ టోర్నీలోనే ఇంకో విషయం: ఉరుగ్వే, ఫ్రాన్స్ మ్యాచ్ వెంబ్లీలో జరగాల్సింది, ఆ రోజు వెంబ్లీలో కుక్కల పరుగు పందేలున్నాయని, వాటిని ఆపం అన్నారని, ప్రపంచకప్ మ్యాచ్‌నే వైట్ సిటీ స్టేడియానికి మార్చారు. ఆ వైట్ సిటీని కూడా 1985లో కూల్చేశారు.

కుక్కల పందేలేంటి అంటారా, వెంబ్లీ బతికి ఉన్నదే వాటి వల్ల. ఈ కథ మనవాళ్ళకి తప్పకుండా నచ్చుతుంది. స్టేడియాన్ని కట్టింది 1924లో జరిగిన బ్రిటిష్ ఎంపైర్ ఎగ్జిబిషన్ కోసం, మన నుమాయిష్‌లాంటిది, దేశాల స్థాయిలో. 300 రోజుల్లో కట్టేశారు, ఏడున్నర లక్షల పౌండ్లతో. తెరిచేముందు మెట్లు బరువుకి ఆగుతాయో లేదోనని సైనికుల చేత, కూలీల చేత గట్టిగా అడుగులు వేయించి చూశారట. 1923 ఏప్రిల్ 28న మొదటి మ్యాచ్, ఎఫ్.ఏ. కప్ అనే ఇంగ్లండ్ ఫుట్‌బాల్ క్లబ్బుల పోటీ ఫైనల్, బోల్టన్, వెస్ట్ హామ్ జట్ల మధ్య. లెక్క ప్రకారం వచ్చినవాళ్ళు 1,26,047, గోడలు దూకి వచ్చినవాళ్ళతో కలిపితే రెండు లక్షలు దాటారంటారు. గ్రౌండ్ మొత్తం జనమే, గీతలు కూడా కనిపించలేదు. జార్జ్ స్కోరీ అనే పోలీసాయన బిల్లీ అనే తెల్ల గుర్రం మీద వచ్చి, మెల్లిగా జనాన్ని గీత అవతలికి జరిపాడు, మిగతా గుర్రాలు కూడా ఉన్నాయి గానీ ఫొటోల్లో తెల్లది ఒక్కటే మెరిసింది, ఆ మ్యాచ్‌కి వైట్ హార్స్ ఫైనల్ అనే పేరే ఉండిపోయింది. ముప్పావుగంట ఆలస్యంగా మొదలై, బోల్టన్ 2-0తో గెలిచింది. స్టేడియం పక్కన రైలు స్టేషన్‌కి వెళ్ళే పాదచారుల వంతెనకి ఇప్పుడు వైట్ హార్స్ బ్రిడ్జ్ అని పేరు, జనం ఓట్లేసి పెట్టుకున్నారు.

ఎగ్జిబిషన్ అయిపోయాక స్టేడియంతో ఎవరికీ పనిలేదు. 1920ల్లోనే కూల్చేయబోయారు. అప్పుడు అడ్డం పడింది ఆర్థర్ ఎల్విన్, అదే ఎగ్జిబిషన్‌లో సిగరెట్ల బడ్డీ నడిపినాయన. ఎగ్జిబిషన్ మూశాక అక్కడి పెవిలియన్లు ఒక్కోటీ కొని, కూల్చి, సామాన్లు అమ్మి డబ్బు చేసుకున్నాడు, ఆ చేత్తోనే స్టేడియాన్ని మాత్రం కూల్చకుండా వాయిదాల మీద కొన్నాడు. 1927లో కుక్కల పందేలు పెట్టాడు, తర్వాత మోటార్ సైకిళ్ళ స్పీడ్‌వే. ఫుట్‌బాల్ ఏడాదికి ఒకట్రెండు మ్యాచ్‌లే, కరెంటు బిల్లు కట్టింది కుక్కలే అనుకోండి. బడ్డీ ఎల్విన్ లేకపోతే 1948లో ఒలింపిక్స్‌కి వెంబ్లీ ఉండేది కాదు, బల్బీర్ గోల్స్ ఇంకెక్కడో పడేవి. పెద్ద పెద్ద ఇంజినీర్ల పేర్లకన్నా నాకు ఈయన పేరు గుర్తుండాలనిపించింది.

గ్రౌండ్ అంచుకి వచ్చినప్పుడు జరిగింది చెప్తాను, నా నాలుగు నక్షత్రాల్లో రెండు దీనికే. గైడ్ ఎవరికైనా ప్రశ్నలున్నాయా అన్నారు. అందరూ ఫుట్‌బాలర్ల గురించి అడిగారు. నాన్న చెయ్యెత్తి, తన ఇంగ్లిష్‌లో, 1948 హాకీ ఫైనల్‌లో ఇండియా ఏ వైపు గోల్ కొట్టిందని అడిగారు. గైడ్ కాసేపు ఆలోచించి, "ఆ మ్యాచ్ గురించి నాకన్నా మీకే ఎక్కువ తెలుసనిపిస్తోంది, మాకు చెప్తారా?" అన్నారు. నాన్న చెప్పారు. నేను పక్కన నిలబడి అక్కడక్కడ మాట అందించాను. పదిహేను, పదహారు మంది ఉన్నారు మాతో, బ్రెజిల్ జంట ఒకటి, కొరియా కుర్రాళ్ళు, ఇంగ్లిష్ కుటుంబాలు రెండు, ఎవ్వరూ ఫోన్ చూసుకోలేదు. వట్టి కాళ్ళ సంగతి దగ్గరికి వచ్చేసరికి ఒక చిన్న పిల్లాడు "బూట్లు లేకుండానా?" అని అడిగాడు. తర్వాత గైడ్ ఇంకో మాట చెప్పారు, కొత్త గ్రౌండ్‌ని పాతదానికన్నా నాలుగు మీటర్లు కిందికి దించి కట్టారట. అంటే మా కళ్ళెదురుగా పచ్చగా ఉన్న గడ్డి అది కాదు. బల్బీర్ పరిగెత్తిన నేల మా తలల పైన ఎక్కడో ఉండేది, ఇప్పుడక్కడ గాలి ఉంది. నాన్న తలెత్తి అటే చూశారు, చాలాసేపు.

ఒక నక్షత్రం ఎందుకు తగ్గించానంటే, టూర్ కొత్త స్టేడియం టూర్, ఫుట్‌బాల్ టూర్. పాతదాన్ని అది దాటుకుంటూ పోతుంది. 1953లో హంగరీ వచ్చి 6-3తో ఇంగ్లండ్‌ని ఓడించి, వెంబ్లీలో ఇంగ్లండ్ మీద బ్రిటన్ బయటి దేశమేదీ గెలవలేదన్న ధీమాని తీసేసింది. 1963లో కాసియస్ క్లే, అంటే తర్వాతి మహమ్మద్ అలీని ఇంగ్లిష్ బాక్సర్ హెన్రీ కూపర్ ఇక్కడే ఒక్క దెబ్బకి కింద కూర్చోబెట్టాడు, తర్వాతి రౌండ్లో అలీయే గెలిచాడనుకోండి. 1985లో ఇథియోపియా కరువు బాధితుల కోసం లైవ్ ఎయిడ్ కచేరీ. 1988లో మండేలా జైల్లో ఉండగానే ఆయన డెబ్బయ్యో పుట్టినరోజు కచేరీ, విడుదలయ్యాక 1990లో ఆయనే ఇక్కడికి వచ్చి మాట్లాడారు. వీటన్నిటికీ ఒక గది, పాత స్టేడియం నమూనా ఒకటి, ముందర నిలబడి పది నిమిషాలు చూసే ఏర్పాటు ఉంటే ఐదో నక్షత్రం కూడా ఇచ్చేదాన్ని. వెళ్ళేముందు కాస్త చదువుకుని వెళ్ళండి, అప్పుడు టూర్ రెండింతలు బాగుంటుంది.

రాయల్ బాక్స్‌కి 107 మెట్లు. పాతదాంట్లో 39. గెలిచిన కెప్టెన్ బురద కాళ్ళతో 39 మెట్లెక్కి కప్పు తీసుకోవడమే వెంబ్లీ అని పాతకాలం ఇంగ్లిష్ వాళ్ళు ఇప్పటికీ అంటారు. నాన్న మెల్లిగా ఎక్కారు, మధ్యలో ఆగితే గైడ్ కూడా ఆగారు. మోకాళ్ళ నొప్పులున్న పెద్దవాళ్ళుంటే బుక్ చేసేటప్పుడే చెప్పేయండి.

పైన కూర్చున్నాక కూల్చడం గురించి వాదన వచ్చింది మా ఇద్దరికీ. పాత వెంబ్లీలో చివరి మ్యాచ్ 2000 అక్టోబర్ 7, జర్మనీ మీద. వానలో జర్మనీ ఆటగాడు హామన్ ఫ్రీ కిక్, 1-0, ఇంగ్లండ్ ఓడిపోయింది, మేనేజర్ కెవిన్ కీగన్ స్టేడియం టాయిలెట్‌లోనే రాజీనామా చెప్పేశాడు. తర్వాత రెండేళ్ళు ఖాళీగా పడి ఉంది, 2002లో కూల్చడం మొదలుపెట్టి, 2003లో బురుజులు కూడా తీసేశారు. వాటికి గ్రేడ్ 2 రక్షిత కట్టడం గుర్తింపు ఉంది, అయినా అనుమతి వచ్చింది. నా అభిప్రాయం ఏంటంటే స్టేడియం కూల్చడం సరైనదే. స్తంభాలు అడ్డం, ఆటకీ జనానికీ మధ్య ట్రాక్, ఇరుకు, పాత టాయిలెట్లు, ఇప్పటి జనానికి అది చాలదు. కొత్తదాంట్లో 90,000 సీట్లు, ఎక్కడ కూర్చున్నా గ్రౌండ్ మొత్తం కనిపిస్తుంది, టాయిలెట్లే 2,618. ఆర్చ్ కూడా ఊరికే అలంకారానికి కాదు, 133 మీటర్ల ఎత్తు, 315 మీటర్ల వెడల్పు, ఉత్తరం వైపు పైకప్పు బరువంతా, దక్షిణం వైపు దాంట్లో చాలా భాగమూ అదే మోస్తుంది, అందుకే లోపల ఒక్క స్తంభమూ అడ్డం రాదు. ఇవన్నీ ఒప్పుకుంటాను. కానీ బురుజుల్లో ఒక్కదాన్నైనా, స్టేడియం పక్కకి జరిపైనా నిలబెట్టి ఉండాల్సింది. దాదాపు 800 మిలియన్ పౌండ్లు ఖర్చుపెట్టినవాళ్ళకి అది పెద్ద లెక్క కాదు.

నాన్న నాతో ఒప్పుకోలేదు. ఒప్పుకోకపోవడం కాదు, ఇంకా ముందుకెళ్ళారు. 2025 ఫిబ్రవరిలో సికింద్రాబాద్ స్టేషన్ పాత భవనం కూల్చినప్పుడు నాన్న వెళ్ళి చూశారు, ముప్పై ఏళ్ళకి పైగా డ్యూటీకి నడిచెళ్ళిన ఆర్చీల కింద జేసీబీలు నిలబడి ఉండటం చూసి, మనిషి ఆ రాత్రి అన్నం తినలేదని అమ్మ చెప్పింది. "కొత్తది కట్టాలె, వద్దని ఎవరన్నరు. కానీ కూల్చినదాన్ని ఎక్కడ పెట్టిన్రో అయినా చెప్పాలె కదా బిడ్డా" అన్నారు. ఆ మాట పట్టుకునే నేను ఇంటికొచ్చి వెతికాను. దొరికింది. ఇక్కడ నుంచి చెప్పేది టూర్‌లో లేదు, దీనికి టికెట్ లేదు, కానీ మీరు టూర్‌కి వెళ్తే ఇది కూడా కలిపి పెట్టుకోండి.

బురుజు పైభాగం ఒకటి ఇంకా ఉంది. నీస్డెన్ వైపు సెయింట్ రాఫెల్స్ ఎస్టేట్ అని కౌన్సిల్ ఇళ్ళ కాలనీ, దాని పక్క పార్కులో గుర్తుగా పెట్టారు. జెండా కర్ర నిలబడే కాంక్రీట్ కిరీటం అది. మేం వెళ్ళినప్పుడు మా ఇద్దరం తప్ప చూసేవాళ్ళు లేరు, పక్కన పిల్లలు బంతి ఆడుకుంటున్నారు. కాంక్రీట్ మీద చెయ్యి పెట్టి చూడొచ్చు. లోపల అద్దం వెనక ఉన్న క్రాస్‌బార్ కన్నా నాకు ఇదే దగ్గరగా అనిపించింది.

మిగతా స్టేడియంలో కొంత నార్తోల్ట్‌లో ఉంది. ఎ40 రోడ్డు మీద పడమటి వైపునుంచి లండన్‌లోకి వస్తుంటే పచ్చటి గుట్టలు నాలుగు, గోపురాల్లాగా గుండ్రంగా కనిపిస్తాయి, మీరందరూ ఎప్పుడో ఒకప్పుడు చూసే ఉంటారు. నార్తాలా ఫీల్డ్స్ అంటారు, 2008లో తెరిచారు. ఆ గుట్టలు మట్టితో పోసినవి కావు, కూల్చిన వెంబ్లీ శిథిలాలు, వైట్ సిటీలో మాల్ కట్టేటప్పుడు తీసినవి, ఇంకా అలాంటివే. లారీకి ఇంత అని రుసుం తీసుకుని పారబోయనిచ్చి, ఆ డబ్బుతోనే పార్కు కట్టారు. గుట్టలు రోడ్డు చప్పుడుని ఆపుతాయి, ఇవతల చేపల చెరువులు, పిల్లల ఆటస్థలం. నార్తోల్ట్ స్టేషన్ సెంట్రల్ లైన్ మీద ఉంది, అక్కడ నుంచి నడిచి వెళ్ళొచ్చు. దీనికి ఐదుకి ఐదు.

మేం ఆదివారం సాయంత్రం వెళ్ళాం, పులిహోర డబ్బాలో పెట్టుకుని. పొద్దున వాన పడింది. అన్నిటికన్నా ఎత్తైన గుట్టకి చుట్టూ తిరుగుతూ దారి ఉంటుంది, నాన్న ఎక్కడా ఆగకుండా ఎక్కారు, 107 మెట్లకి ఆగిన మనిషి. పైకి వెళ్తే ఒక పక్క విమానాలు దిగుతుంటాయి, ఇంకో పక్క దూరంగా వెంబ్లీ ఆర్చ్, మా వంటింటి కిటికీలో కనిపించే దానికన్నా సన్నగా, గోరంత. నాన్న ఆర్చ్ వైపు చూశారు, కింద నేల వైపు చూశారు. "దాని కిందున్నది ఇక్కడికొచ్చిందా?" అన్నారు. అవును నాన్నా, లారీల్లో అన్నాను. ఆయన వంగి లేసులు విప్పడం మొదలుపెట్టారు. చలి, నేల చిత్తడి, జ్వరం తగ్గి పదిరోజులే అయింది, వద్దు నాన్నా అంటున్నా వినలేదు, బూట్లూ సాక్సులూ విప్పి దారి పక్కన గడ్డిలో నిలబడ్డారు. నన్ను ఫొటో తియ్యమన్నారు, మొహం వద్దు, కాళ్ళు, వెనకాల ఆర్చ్ రావాలని. మూడుసార్లు తీస్తే గానీ రెండూ ఒక ఫ్రేమ్‌లోకి రాలేదు. ఆ ఫొటో లాలాగూడలో మా బాబాయికి పంపారు, ఆయన దగ్గర్నుంచి వెంటనే ఫోన్ వచ్చింది, స్పీకర్‌లో పెట్టి ఇద్దరూ నాలుగు గోల్సూ మొదట్నుంచి చెప్పుకున్నారు, నేను సాక్సులు పట్టుకుని నిలబడ్డాను.